తెల్లారేదాకా తెగని తగువు

భార్యాభర్తల గొడవ గడప దాటకూడదంటారు పెద్దలు. ఓ నాటక రచయిత దాన్ని రంగస్థలం మీదకు లాక్కొచ్చాడు. ఓ కొత్త దర్శకుడు వెండితెరకెక్కించాడు. నిజజీవితంలోనూ మొగుడూపెళ్లాలైన ఇద్దరు తారలు ఆ గొడవను తమ గొడవే అన్నంతగా పోట్లాడి చూపించారు. అదే 1966లో వచ్చిన 'హూ ఈజ్ అఫ్రైడ్ ఆఫ్ వర్జీనియా వుల్ఫ్?'

అర్ధరాత్రి దాటి రెండు గంటలు కావస్తోంది. వెన్నెల్లో తడిసిన కాలేజీ ఆవరణ. పార్టీ ముగించుకుని ఓ నడివయసు జంట మెల్లగా ఇంటికి నడిచొస్తోంది. వెనక సన్నగా గిటారు సంగీతం. దూరం నుంచి చూస్తే... ఎన్నో ఏళ్లుగా కలిసి బతుకుతున్న అన్యోన్య దంపతులే అనిపిస్తారు.

తలుపు తెరుచుకుంటుంది. లైటు వెలుగుతుంది. అంతే!

ఎక్కడి వస్తువులు అక్కడే పడున్న ఇల్లు. ఆమె ఫ్రిజ్ తెరిచి చల్లారిపోయిన కోడికాలు కొరుకుతూ ఏదో పాత సినిమాలో డైలాగు అనుకరిస్తుంది. 'అదే సినిమాలోదో చెప్పు' అంటూ మొగుణ్ని వేధిస్తుంది. అతనికి గుర్తురాదు. గుర్తుతెచ్చుకునే ఓపిక కూడా లేదు. పడుకుందామంటాడు. అప్పుడు చల్లగా చెబుతుంది ఆమె... ఇంకాసేపట్లో అతిథులు వస్తున్నారని!

అలా మొదలైన తగువు తెల్లారేదాకా సాగుతుంది. సినిమా నిడివి రెండు గంటల పదకొండు నిమిషాలు. ఉన్నవి నాలుగే ప్రధాన పాత్రలు. పాటల్లేవు, ఫైట్లు లేవు. ఉన్నదల్లా మాటలే. అయితే ఒక్కో మాటా చెంపదెబ్బే.

మామగారి కాలేజీలో అల్లుడు

ఆయన పేరు జార్జ్. చరిత్ర పాఠాలు చెప్పే ప్రొఫెసరు. ఆవిడ మార్తా. కాలేజీ ప్రెసిడెంటుగారి ఏకైక కూతురు. భర్తకంటే ఆరేళ్లు పెద్దది. మామగారి కాలేజీలోనే అల్లుడి ఉద్యోగం... మన భాషలో చెప్పాలంటే ఇల్లరికానికి ఓ మెట్టు తక్కువ. అల్లుడు ముందు చరిత్ర శాఖకు అధిపతి అవుతాడనీ, ఆ తర్వాత తండ్రి కుర్చీలో కూర్చుంటాడనీ మార్తా కలలుకంది. రెండు దశాబ్దాలు దాటిపోయాయి. జార్జ్ ఎక్కడివాడు అక్కడే ఉన్నాడు. దానికి ఆమె అతణ్ని క్షమించలేదు. నలుగురిలో ఆ మాట అనకుండా ఉండనూ లేదు.

వచ్చిన అతిథులూ భార్యాభర్తలే. నిక్ జీవశాస్త్రం అధ్యాపకుడు. కాలేజీలో కొత్తగా చేరాడు. అందగాడు, పైకి రావాలన్న ఆశ ఉన్నవాడు. అతని భార్య హనీ సన్నగా, బెదురుగా ఉంటుంది. రెండు గుక్కలు తాగితే కడుపులో తిప్పేస్తుంది. ఎవరింటికో వెళ్లినప్పుడు ఆ ఇంటివాళ్లు పోట్లాడుకోవడం మొదలుపెడితే ఎలా ఉంటుంది? లేచి వెళ్లలేం, కూర్చోలేం. గోడమీది బొమ్మ బాగుందంటూ మాట మార్చబోతాం. సరిగ్గా ఆ ఇబ్బందిలోనే ఇరుక్కుంటారు ఈ కుర్రజంట. వాళ్లతోపాటు ప్రేక్షకుడూ!

రాత్రి గడిచేకొద్దీ గ్లాసులు ఖాళీ అవుతుంటాయి. దెప్పిపొడుపులు ముదురుతుంటాయి. ఓ దశలో జార్జ్ లోపలికెళ్లి తుపాకి తెస్తాడు. మార్తా తల వెనక నుంచి గురిపెడతాడు. హనీ కెవ్వుమంటుంది. ట్రిగ్గర్ నొక్కుతాడు. తూటా రాదు. ఫట్‌మని ఓ గొడుగు విచ్చుకుంటుంది! అందరూ పగలబడి నవ్వుతారు. అందరికంటే ఎక్కువగా నవ్వేది మార్తానే.

ఆ నవ్వు దగ్గరే ఈ కథ కీలకం ఉంది. వీళ్లది ఉత్త ద్వేషం కాదు. ఒకరి దెబ్బ ఎక్కడ తగులుతుందో మరొకరికి తెలుసు. ఎంతవరకూ కొట్టాలో కూడా తెలుసు. పోట్లాట వాళ్ల కాపురానికి జబ్బే కాదు, కాలక్షేపం కూడా. ఆ ఆటకు కొన్ని నియమాలున్నాయి. అన్నిటికంటే పెద్ద నియమాన్ని ఆ రాత్రి మార్తా తప్పింది. అదేంటంటే... కొడుకు గురించి బయటివాళ్లకు చెప్పకూడదు.

లేని కొడుకు

మార్తా హనీతో మాటల మధ్యలో తమకో కొడుకున్నాడని చెప్పేస్తుంది. ఆ సంగతి తెలియగానే జార్జ్ ముఖం మారిపోతుంది. అప్పటిదాకా ఎన్ని మాటలన్నా భరించిన మనిషి, ఆ ఒక్కమాటకు ఎందుకంత కదిలిపోయాడో అతిథులకు అర్థం కాదు. చూసేవాళ్లకూ అర్థం కాదు. పుట్టినప్పుడు ఎలా ఉండేవాడు, జుట్టు ఏ రంగు, కళ్లు ఏ రంగు, చిన్నప్పుడు చెయ్యి విరిగితే ఏం చేశారు... మార్తా ఒక్కొక్కటే మురిపెంగా చెప్పుకుపోతుంది. కళ్ల రంగు దగ్గర మాత్రం ఇద్దరికీ తేడా వస్తుంది. ఆమె ఒకటంటే అతడు ఇంకోటంటాడు.

తెల్లవారుజామున జార్జ్ చావుకబురు చెబుతాడు. టెలిగ్రాం వచ్చిందంటాడు. కొడుకు రోడ్డు ప్రమాదంలో పోయాడంటాడు. మార్తా గుండెలు పగిలేలా అరుస్తుంది. ఆమె అరుపులో ఓ వింత మాట ఉంటుంది. 'వాడు ఎలా చనిపోయాడు?' అని కాదు ఆమె అడిగేది. అలా నిర్ణయించే హక్కు నీ ఒక్కడికీ లేదంటుంది. నిక్‌కి అప్పుడు తెలిసొస్తుంది.

వాళ్లకు కొడుకు లేడు. ఎప్పుడూ లేడు. పిల్లలు పుట్టని దంపతులు తమ మధ్య ఓ బిడ్డను ఊహించుకుని, ఏళ్ల తరబడి రహస్యంగా పెంచుకున్నారు. ప్రపంచానికి తెలియని ఆ అబద్ధమే వాళ్లిద్దరినీ కట్టిపడేసిన తాడు. దాన్ని గడప దాటించింది మార్తా. తెంచేసింది జార్జ్.

పిల్లల్లేని దంపతులకు లోకం ఎన్ని ప్రశ్నలు వేస్తుందో మనకు తెలియనిది కాదు. పేరంటానికి పిలుపు దగ్గర్నుంచి ఆస్తుల మాట దాకా అన్నిచోట్లా ఆ ప్రశ్న ఉంటుంది. 'ఇంకా విశేషం లేదా?' అన్న పలకరింపు ఎంత లోతుగా గుచ్చుకుంటుందో, విన్నవాళ్లకే తెలుసు. అందుకే అమెరికాలోని ఓ కాలేజీ ఊళ్లో జరిగిన ఈ కథ చివరి అరగంట మనకు పరాయిదనిపించదు. అప్పటిదాకా గయ్యాళిగా కనిపించిన మార్తా మీద ఒక్కసారిగా జాలి పుడుతుంది. తిట్టిన తిట్లన్నిటి అడుగునా ఏముందో అప్పుడు తెలుస్తుంది.

హనీ కథా ఇక్కడే ముడిపడుతుంది. లేని గర్భాన్ని ఉందనుకోవడం వల్ల ఆమెకు నిక్‌తో పెళ్లయింది. ఆ తర్వాత కానుపంటే భయంతో బిడ్డలు పుట్టకుండా చూసుకుంది. లేని బిడ్డ కోసం మార్తా ఏడుస్తుంటే చూసి, తనకూ బిడ్డ కావాలని ఏడుస్తుంది. వచ్చినప్పుడు ఆ పెద్దజంటను చూసి మనం వీళ్లలా లేమనుకున్న చిన్నజంట, వెళ్లేటప్పుడు తలెత్తి చూడలేని స్థితిలో వెళుతుంది.

అద్దం మీది రాత

ఇంతకీ వర్జీనియా వుల్ఫ్‌కీ ఈ కథకీ ఏంటి సంబంధం? ఆమె ఇంగ్లాండుకు చెందిన ప్రసిద్ధ నవలా రచయిత్రి. కథలో ఎక్కడా కనిపించదు. డిస్నీ 1933లో తీసిన మూడు పందిపిల్లల కార్టూన్ సినిమాలో చెడ్డ తోడేలంటే మాకేం భయమంటూ ఓ పాట ఉంది. ఇంగ్లిషులో తోడేలును 'వుల్ఫ్' అంటారు. ఆ మాటనే రచయిత్రి ఇంటిపేరుతో కలిపి ఎవరో చమత్కరించారు. న్యూయార్క్‌లోని గ్రీనిచ్ విలేజ్‌లో ఓ బార్ అద్దం మీద సబ్బుతో రాసి ఉన్న ఆ చమత్కారం ఎడ్వర్డ్ ఆల్బీ కంటపడింది. కొన్నేళ్ల తర్వాత నాటకం రాస్తుంటే గుర్తొచ్చింది. భ్రమల్లేకుండా బతకడానికి ఎవరికి భయం... అన్నదే ఆ ప్రశ్నకు అర్థమని ఆయన తర్వాత వివరించారు.

ఆల్బీ 1928లో పుట్టారు. పసికందుగా ఉన్నప్పుడే నాటకశాలల వ్యాపారంలో ఉన్న ఓ సంపన్న కుటుంబం దత్తత తీసుకుంది. ఆ ఇంట్లో ఆయన ఇమడలేకపోయారు. ఇరవయ్యో ఏట అటూఇటూగా ఇల్లు విడిచి న్యూయార్క్ చేరి, చిన్నాచితకా ఉద్యోగాలు చేశారు. పెంచిన తల్లి నీడలో చాలా ఏళ్ల తర్వాత 'త్రీ టాల్ విమెన్' రాశారు. కన్నబిడ్డ లేని ఇంటికి దత్తత వెళ్లిన మనిషి, లేని బిడ్డ చుట్టూ తిరిగే నాటకం రాశాడన్నది గుర్తుపెట్టుకోవాల్సిన సంగతే.

పాత్రల పేర్లలోనూ ఓ మడత ఉంది. జార్జ్, మార్తా... అమెరికా తొలి అధ్యక్షుడు జార్జ్ వాషింగ్టన్ దంపతుల పేర్లవి. వాళ్లిద్దరికీ కలిపి పిల్లల్లేరు. ఆ పేర్లు ఊరికే పెట్టలేదని ఆల్బీ ఒప్పుకున్నారు.

1962 అక్టోబరు 13న బ్రాడ్‌వేలో నాటకం మొదలైంది. ఊటా హాగెన్ మార్తాగా, ఆర్థర్ హిల్ జార్జ్‌గా నటించారు. మూడు గంటలకు పైగా నడిచే ఈ నాటకాన్ని ఒకేరోజు రెండుసార్లు ఆడటం నటుల తరం కాదని మ్యాటినీలకు వేరే జట్టును పెట్టారు. 664 ప్రదర్శనలు నడిచింది. 1963లో ఉత్తమ నాటకంగా టోనీ అవార్డు గెలుచుకుంది. నాటకానికి పులిట్జర్ బహుమతి ఇవ్వాలని న్యాయనిర్ణేతలు సిఫారసు చేశారు. పై బోర్డు కాదంది. ఆ ఏడాది నాటకానికి బహుమతే ఇవ్వలేదు. దానికి నిరసనగా న్యాయనిర్ణేతలిద్దరూ రాజీనామా చేశారు. ఆల్బీ ఆ తర్వాత వేరే నాటకాలకు మూడుసార్లు పులిట్జర్ అందుకున్నారు.

అందాలరాశికి నెరిసిన జుట్టు

వార్నర్ బ్రదర్స్ సంస్థ 5 లక్షల డాలర్లిచ్చి నాటకం హక్కులు కొంది. ముసలి మార్తాగా బెట్టీ డేవిస్, జార్జ్‌గా జేమ్స్ మేసన్ అని ఆల్బీకి చెప్పారు. ఆయన సంబరపడ్డారు. ఎందుకంటే మొదటి సన్నివేశంలో మార్తా అనుకరించేది బెట్టీ డేవిస్‌నే! బెట్టీ డేవిస్ తెరమీద బెట్టీ డేవిస్‌ని అనుకరిస్తే ఆ సరదాయే వేరు కదా.

కానీ నిర్మాత, స్క్రీన్‌ప్లే రచయిత ఎర్నెస్ట్ లేమన్ ఆలోచన మరోలా ఉంది. ఆయన ఎలిజబెత్ టేలర్‌ను ఎంచుకున్నారు. ప్రపంచంలోకెల్లా అందగత్తెగా పేరున్న 33 ఏళ్ల తార... 52 ఏళ్ల తాగుబోతు ఇల్లాలా? హాలీవుడ్ ముక్కున వేలేసుకుంది. టేలర్ పట్టించుకోలేదు. బరువు పెరిగారు. నెరిసిన విగ్గు పెట్టుకున్నారు. కళ్లకింద ముడతలు గీయించుకున్నారు. జార్జ్ పాత్రకు ఆమె భర్త రిచర్డ్ బర్టన్ వచ్చారు. అందాన్ని అమ్ముకునే పరిశ్రమలో ఓ అగ్రతార అందాన్ని పక్కనపెట్టడం చిన్న సాహసం కాదు.

దర్శకుడు మైక్ నికోల్స్‌కు ఇదే తొలి సినిమా. అప్పటికి బ్రాడ్‌వేలో హాస్యనాటకాలతో పేరు తెచ్చుకున్నారు. సినిమాను రంగుల్లో తీద్దామని స్టూడియో పట్టుపడితే, నలుపు తెలుపుల్లోనే తీస్తానని ఆయన మొండికేశారు. రంగుల్లో టేలర్ ముసలి మేకప్ దొరికిపోతుందన్నది ఒక కారణం. ఆ నీడలూ చీకట్లూ కథకు కావాలన్నది మరో కారణం. ఆరుబయట దృశ్యాలను మసాచుసెట్స్ రాష్ట్రంలోని స్మిత్ కాలేజీలో రాత్రిళ్లు చిత్రీకరించారు.

నాటకాన్ని సినిమాగా తీసేటప్పుడు అందరికీ ఎదురయ్యే ప్రశ్నే నికోల్స్‌కీ ఎదురైంది. నాటకమంతా ఒక్క హాల్లో జరుగుతుంది. కెమెరా అక్కడే కూర్చుంటే రంగస్థలాన్ని ఫొటో తీసినట్టుంటుంది. బయటికి తిప్పితే బిగువు సడలిపోతుంది. నికోల్స్ కథను పెరట్లోకి, కారులోకి, దారిపక్కన డాన్సులాడే హోటల్లోకి కాస్త కదిలించారు. అంతకంటే ముఖ్యంగా కెమెరాను మొహాల దగ్గరికి తీసుకెళ్లారు. ఛాయాగ్రాహకుడు హాస్కెల్ వెక్స్‌లర్ కొన్నిచోట్ల కెమెరాను చేత్తో పట్టుకుని పాత్రల వెంట నడిచారు. నాటకశాలలో వెనక వరసలో కూర్చున్నవాడికి తిట్టు వినిపిస్తుంది. తిట్టిన మరుక్షణం మార్తా కళ్లలో మెరిసే భయం కనిపించదు. సినిమాలో కనిపిస్తుంది. నాటకానికి తెర ఇచ్చిన కానుక అదే.

లేమన్ స్క్రిప్టు రాస్తూ ఓ దశలో ఆ కొడుకును నిజంగా ఉండి చనిపోయినవాడిగా మార్చి చూశారు. లేని బిడ్డంటే ప్రేక్షకులు నమ్మరేమోనన్న సందేహం. చివరికి ఆ మార్పు నిలవలేదు. నిలిచి ఉంటే మిగిలేది ఓ బిడ్డను పోగొట్టుకున్న తల్లిదండ్రుల విషాదం మాత్రమే. ఇద్దరు కలిసి అల్లుకున్న అబద్ధం కథ పోయి ఉండేది.

కత్తెర వదిలేసిన సినిమా

హాలీవుడ్‌లో 1934 నుంచీ కఠినంగా అమలవుతున్న ఓ నియమావళి ఉండేది. తెరమీద ఏ మాట అనొచ్చో, ఏది అనకూడదో అదే చెప్పేది. ఆల్బీ నాటకంలో సగం మాటలు దానికి సరిపడవు. నిర్మాతల సంఘానికి అప్పుడే అధ్యక్షుడిగా వచ్చిన జాక్ వాలెంటీ, స్టూడియో అధిపతి జాక్ వార్నర్ కూర్చుని ఒక్కో మాట మీదా బేరాలాడారు. కొన్ని మాటలు పోయాయి, చాలావరకూ ఉన్నాయి. 18 ఏళ్లలోపు వాళ్లు పెద్దవాళ్ల తోడు లేకుండా రాకూడదన్న షరతుతో సినిమా విడుదలైంది. ఆ ఏడాది బాగా డబ్బు చేసుకున్న చిత్రాల్లో ఒకటైంది. పెద్దలకు పెద్దల కథ చెప్పొచ్చని తేలిపోయింది. పాత నియమావళి కూలిపోయి, 1968 నవంబరు 1 నుంచి వయసునుబట్టి రేటింగులిచ్చే పద్ధతి వచ్చింది. దానికి దారితీసిన సినిమాల్లో ఇదొకటి.

ఆస్కార్‌కు 13 నామినేషన్లు దక్కాయి. నలుగురు నటులూ, అంటే టేలర్, బర్టన్, నిక్‌గా వేసిన జార్జ్ సీగల్, హనీగా వేసిన శాండీ డెనిస్... అందరూ బరిలో నిలిచారు. చివరికి అయిదు వచ్చాయి. టేలర్ ఉత్తమ నటి, డెనిస్ ఉత్తమ సహాయనటి. నలుపు తెలుపు ఛాయాగ్రహణం, కళాదర్శకత్వం, దుస్తుల విభాగాల్లో మిగతా మూడు. బర్టన్‌కు రాలేదు. జీవితంలో ఏడుసార్లు పోటీపడినా ఆయనకు ఆస్కార్ ఒక్కసారీ రాలేదు. టేలర్ ఆ వేడుకకే వెళ్లలేదు.

తెర మీదా... తెర వెనకా!

ప్రేక్షకులు హాళ్లకు పరుగెత్తడానికి ఇంకో కారణమూ ఉంది. 'క్లియోపాత్రా' షూటింగులో మొదలైన టేలర్, బర్టన్‌ల ప్రేమ అప్పటికే పత్రికలకు పండగ. వేర్వేరు పెళ్లిళ్లు తెంచుకుని 1964లో ఒకటయ్యారు. వాళ్ల ఇంట్లో కూడా ఇలాగే ఉంటుందా అన్న కుతూహలం టిక్కెట్లు తెంపింది. వాళ్లిద్దరూ 1974లో విడిపోయారు. 1975లో మళ్లీ పెళ్లి చేసుకున్నారు. 1976లో మళ్లీ విడాకులు. కలిసి ఉండలేక, విడిగా ఉండలేక! 1984లో బర్టన్, 2011లో టేలర్ కన్నుమూశారు. అలాగని సినిమాను వాళ్ల సంసారానికి నకలు అనుకుంటే నటనను తక్కువచేసినట్టే. టేలర్ తన అందాన్ని దాచి మార్తాను చూపిస్తే, గొప్ప కంఠమున్న బర్టన్ ఆ గొంతు అణుచుకుని, వంగిన భుజాలతో, మాసిన స్వెట్టరుతో ఓడిపోయిన మాస్టారిని చూపించారు.

మన తెలుగులోనూ పెళ్లి చుట్టూ తిరిగిన గొప్ప నాటకాలు సినిమాలయ్యాయి. కాళ్లకూరి నారాయణరావు 'వరవిక్రయం' 1939లో, గురజాడ 'కన్యాశుల్కం' 1955లో తెరకెక్కాయి. వరుణ్ని కొనడం, పిల్లను అమ్మడం... ఆ రెండూ తాళి కట్టకముందు జరిగే అన్యాయం మీద ఎక్కుపెట్టిన బాణాలు. ఆల్బీ కథ మొదలయ్యేది పెళ్లయిన రెండు దశాబ్దాల తర్వాత. అక్కడ కట్నంలేదు, కన్యాశుల్కంలేదు. నిందించడానికి బయటి శత్రువు లేడు. ఉన్నది ఇద్దరు మనుషులు, ఒక ఇల్లు, ఒకరికొకరు చెప్పుకున్న ఓ అబద్ధం. అందుకే ఇది చూడటానికి కష్టమైన సినిమా. పిల్లలతో కలిసి చూసేదీ కాదు. పెళ్లయి కొన్నేళ్లు గడిచిన ఇద్దరు, పనులన్నీ అయ్యాక ఓ రాత్రి చూడాల్సిన సినిమా. అమెరికా జాతీయ గ్రంథాలయం 2013లో దీన్ని పదిలపరచాల్సిన చిత్రాల జాబితాలో చేర్చింది.

అతిథులు వెళ్లిపోయారు. గ్లాసులు, సీసాలు అలాగే ఉన్నాయి. అరిచి అరిచి మార్తా గొంతు పోయింది. ఇక వాడు లేడు. ఇకముందు ఇద్దరమే. ఇది మంచికేనా అని ఆమె అడుగుతుంది. జార్జ్ అవునని గట్టిగా చెప్పలేడు. బాగుంటుందేమో అంటాడు. తోడేలంటే ఎవరికి భయమన్న పాటను చిన్నపిల్లకు పాడినట్టు మెల్లగా పాడతాడు. తనకే భయమని ఒప్పుకుంటుంది మార్తా. రాత్రంతా వినిపించిన మాటల్లో ఒకరినొకరు గాయపరచని మాట బహుశా అదొక్కటే. కెమెరా మెల్లగా కదిలి, ఒకరి చేతిలో ఒకరివైన ఆ రెండు చేతుల మీద ఆగుతుంది. వెనక కిటికీలోంచి వెలుగొస్తోంది.

తెల్లారింది. ఆదివారం. రోజంతా ఇద్దరూ ఇంట్లోనే ఉండాలి.